ఈఫిగేనియాని అకిలెయాస్‌కి ఇస్తున్నారట

ఆవ్లిదా
జూలై 3, 1988

జెనీ,

...అని నాన్న అనగానే నాన్నమ్మ దగ్గింది, నేను భయపడి నిన్న అక్కడితో ఆపేసి కవరు అంటించేశా. మిగతాది ఇందులో.

నేను మెట్ల మీద కూర్చున్నా. నాన్న హాల్లో ఫోన్ పట్టుకుని గోడవైపు తిరిగి మాట్లాడుతున్నాడు. గోడవైపు తిరిగితే ఎవరికీ వినపడదని ఆయన నమ్మకం. మాటకి మాట రాస్తున్నా, నవ్వకుండా చదువు.

"సరే అకిలెయా, మాటంటే మాటే. ఈఫిగేనియాని నీకే ఇస్తున్నా. ఆగస్టు పదిహేను, పనగియా మేరీమాత పండగ రోజు. ఫాదర్ గారొచ్చి దీవిస్తారు."

కాసేపు అవతలివాడు ఏదో అన్నాడు. అప్పుడు నాన్న గొంతు తగ్గించి, "పదహారేళ్ళు నా చేతుల్లో పెరిగిందయ్యా. నడుం దగ్గర కాస్త వెడల్పే, అందుకే తూలదు. మొదట్లో కొన్నాళ్ళు నీళ్ళు కారుస్తుంది. కంగారు పడకు. తర్వాత దానంతటదే సర్దుకుంటుంది," అన్నాడు.

ఫోన్ పెట్టేసి ముక్కు చీదుకున్నాడు. మా నాన్న. స్తమాతిస్ మేస్త్రి. మొన్న రంపం వేలికి దిగినప్పుడు కూడా ఈల వేసిన మనిషి.

నేను నా నడుం అద్దంలో చూసుకున్నా. వెడల్పేం కాదు.

నీకు నవ్వులాటగా ఉంటుంది కానీ ఊరి పేరు చూడవే. పురాణంలో మన పేరున్న అమ్మాయిని "అకిలెయాస్‌తో పెళ్ళి, వచ్చెయ్" అని పిలిపించి, ఓడలకి గాలి రావాలని కన్నతండ్రే ఆర్టెమిస్ దేవత ముందు నరికేసింది ఎక్కడ? ఈ ఊళ్ళోనే. మా ఇంటికీ ఆ గుడి రాళ్ళకీ మధ్య ఒక సిమెంటు ఫ్యాక్టరీ అడ్డం, అంతే. నాకే ఎందుకు ఈ పేరు? నాన్నమ్మ పేరు నేనంటే నేనని అన్నదమ్ములిద్దరూ పంతం పట్టి మనిద్దరికీ పెట్టారు సరే, ఒక్కడైనా ఆ కథ చివరిదాకా చదివాడా?

ఎవరికీ చెప్పకు. పిన్నికి అసలు చెప్పకు.

ఈఫి


వ్రవ్రోనా
జూలై 9

పెళ్ళికూతురికి,

నేను నవ్వలేదు. మంచం మీంచి పడ్డా, అది వేరు.

ముందు నీ చదువు సరిచెయ్యాలి. ఆ అమ్మాయి చావలేదు మొద్దూ. కత్తి దిగే క్షణానికి దేవత ఆమెని మాయం చేసి, ఆ చోట ఒక జింకని పెట్టింది. అది మీ ఊరి లెక్క. మా ఊళ్ళో అయితే జింక కాదు, ఎలుగుబంటి. మా అమ్మ ఇక్కడి మ్యూజియంలో టికెట్లు చింపుతుంది కాబట్టి మాదే కరెక్టు. వెనకటికి చిన్నపిల్లల్ని ఈ గుడికి తెచ్చి పసుపు గౌన్లు వేసి ఎలుగుబంటి నడక నడిపించేవాళ్ళట. నేనూ మూడో క్లాసులో నడిచా. నా నడక చూసి టీచరు "నీకు నేర్పక్కర్లేదమ్మా" అంది.

ఇంకో మాట. దేవత ఆ పిల్లని ఎక్కడెక్కడో తిప్పి చివరికి తెచ్చి దింపింది మా ఊళ్ళో. ఇక్కడే పూజారిణిగా బతికిందట. సమాధి కూడా ఇక్కడే అంటారు, గుహ పక్కన. ఇప్పుడు అక్కడ కప్పలుంటున్నాయి. పెళ్ళి ఇష్టం లేకపోతే వచ్చెయ్. కప్పలు ఏమీ అనవు.

సరే, అకిలెయాస్ ఎలా ఉంటాడు? జుట్టుందా? నీ పెళ్ళికి నేనేం వేసుకోను? అన్నట్టు అమ్మ నాకు కొత్త తెల్ల చెప్పులు కొంది. మడమ ఎత్తువి. ఎందుకే అంటే, "ఆగస్టు పదిహేనుకి పెదనాన్నా వాళ్ళింటికి వెళ్తున్నాం, అక్కడ అందరూ నిన్ను చూస్తారు" అంది.

నీ
జెనీ


ఆవ్లిదా
జూలై 15

జెనీ,

నీ ఉత్తరం చివరి నాలుగు లైన్లు మళ్ళీ చదువు. నెమ్మదిగా.

చెప్పులు. మడమ ఎత్తువి. అందరూ చూస్తారు.

నాన్న "ఈఫిగేనియా" అన్నాడు. ఇంట్లో నన్ను ఎప్పుడైనా ఆ పేరుతో పిలిచాడా? నేను ఈఫిని. బాప్తిజం పేరు నీదీ అదే. నీకూ పదహారే. ఇక నడుం సంగతి నేనేం చెప్పను, నువ్వే టేపు తెచ్చుకో.

నాకు నిన్నటి నుంచి కాస్త నిద్ర పడుతోంది.

అకిలెయాస్ వచ్చాడు. స్కిరోస్ దీవి మనిషి, చేపల పడవలున్నాయట. జుట్టుంది, చెవుల్లో. బంగారు పన్ను ఒకటి. యాభై దాటేసి ఉంటాడు. మడమ దగ్గర ఏదో పాత దెబ్బ, అచ్చం కథలో అకిలెయాస్‌కి తగిలినట్టే, కుంటుతాడు. నవ్వకు. నేను నవ్వబోయి ఏడుపొచ్చింది.

నేను వంటింటి కర్టెన్ వెనకుండి విన్నా. గుమ్మంలో నిలబడి టోపీ తీసి, "ఈఫిగేనియాని ఒకసారి చూసిపోదామని వచ్చా," అన్నాడు.

నాన్నమ్మకి సగమే వినపడుతుందని నీకు తెలుసుగా. చిక్కుళ్ళు ఒలుస్తూ తలెత్తి, "చూడు నాయనా. కానీ అరవై ఏళ్ళు ఆలస్యంగా వచ్చావు," అంది.

వాడు ఎంత పెద్దగా నవ్వాడంటే, కర్టెన్ ఊగింది. తర్వాత అమ్మ కాఫీ ఇచ్చింది. ఇద్దరూ గుసగుసలాడారు. నాకు వినపడిందల్లా, "ఒళ్ళంతా నున్నగా చేయించాడు మా ఆయన, ఇక రంగు వెయ్యడమే," అన్న అమ్మ మాట. రంగంటే ఏంటే? లిప్‌స్టిక్కా?

అమ్మ తెల్ల లేసు అల్లుతోంది. ఎవరికమ్మా అంటే, "ఈఫిగేనియాకి," అని ముసిముసిగా నవ్వి, "పదిహేనున చూద్దువుగాని," అంది. నాన్నమ్మ వెంటనే దిష్టి తగలకుండా ఫ్తూ ఫ్తూ ఫ్తూ అని నా మీదా లేసు మీదా కలిపి ఉమ్మింది.

ఒకటి ఆలోచించా. పడవ కొనడానికేమైనా వచ్చాడా అని. కానీ నాన్న చేతిలో ఉన్నది ఒక్కటే పడవ, నేను పుట్టిన ఏడాది మొదలుపెట్టింది. వేరేవాళ్ళ పడవలు బాగుచేశాక మిగిలిన పొద్దంతా దాని మీదే. దాన్ని అమ్మేకంటే కాళ్ళు అమ్ముకుంటాడు. కాబట్టి అది కాదు.

నీకు ఇంకోటి చెప్పాలి. ఇప్పుడు కాదు.

ఈఫి


వ్రవ్రోనా
జూలై 21

ఈఫి,

నేను టేపు తెచ్చుకోలేదు, తెచ్చుకోను కూడా. "పదహారేళ్ళు నా చేతుల్లో పెరిగింది" అన్నాడని నువ్వే రాశావు. నేను పెదనాన్న చేతుల్లో పెరిగానా? ఏడాదికి రెండుసార్లు కనపడతాడు, కనపడినప్పుడల్లా బుగ్గ పట్టుకుని మెలితిప్పుతాడు. దాన్ని పెంచడమనరు.

అయినా మూడు రోజులుగా ఆ చెప్పుల్ని పెట్టెలోంచి తియ్యలేదు. నిన్న అన్నం దగ్గర నాన్నని అడిగా, "స్కిరోస్ దీవి ఎలా ఉంటుంది?" అని. "గాలి ఎక్కువ. ఎందుకు, కాపురముంటావా?" అన్నాడు. అమ్మ నవ్వింది. నేను నా ముద్ద కుక్కకి పెట్టేశా.

స్కిరోస్ గురించి అమ్మ ఇంకోటి చెప్పింది. కథలో అకిలెయాస్‌ని యుద్ధానికి పంపడం ఇష్టంలేక వాళ్ళమ్మ అతన్ని ఆ దీవిలోనే ఆడపిల్ల వేషం వేసి దాచిందట. కాబట్టి మీ అకిలెయాస్‌కి గౌను తొడిగి నీ చోట నిలబెడితే సరి. వాణ్ణి వాడే చేసుకుంటాడు.

ఇక సీరియస్‌గా. లెక్క కుదరట్లేదే. వచ్చే ఏడాది ఏథెన్స్‌లో నీ ఇంగ్లీషు స్కూలు అయిపోగానే లండన్‌కి పంపిస్తున్నానని పెదనాన్న ఊరంతా చెప్పుకుంటున్నాడు. మా నాన్న కూడా చెప్పుకుంటున్నాడు, నన్ను తిట్టాల్సి వచ్చినప్పుడల్లా. లండన్ పంపే మనిషి స్కిరోస్ పంపుతాడా? మధ్యలో ఏదో ఉంది. అది నువ్వు దాస్తున్నావు. "ఇంకోటి చెప్పాలి, ఇప్పుడు కాదు" అంటే మరి ఎప్పుడు, పెళ్ళి ఊరేగింపులోనా?

జెనీ


ఆవ్లిదా
జూలై 28

జెనీ,

చెప్తా. చదివాక చింపెయ్.

నేను లండన్ వెళ్తానని ఎప్పుడూ అనలేదు.

మార్చిలో మా హెడ్‌మిస్ట్రెస్ నాన్నని పిలిపించింది. ఇంగ్లీషామె. నా మార్కులు చూపించి లండన్‌లో చదివించండి, బాగా చదువుతుంది అంది. నాన్న తన పెళ్ళినాటి కోటు వేసుకొచ్చాడు, గోళ్ళలో తారు పోలేదని చేతులు జేబుల్లోనే పెట్టుకున్నాడు. ఆవిడ నా వైపు తిరిగి, "మరి నువ్వేమంటావు, వెళ్తావా?" అని అడిగింది.

నేను మన గ్రీకులందరం అన్నట్టే వద్దన్నా. గడ్డం పైకెత్తి, కనుబొమలెత్తి. అంతే. కూరలమ్మేవాడైనా, బస్సు కండక్టరైనా, ఎవరైనా అది "లేదు" అనే అనుకుంటాడు కదా.

ఇరవై ఏళ్ళు ఇక్కడున్నా ఆవిడకి అది అలవాటు కాలేదు. వాళ్ళలో తల పైకీ కిందకీ ఊపితే ఔననట. చప్పట్లు కొట్టేసింది. నాన్న నా గడ్డం చూడలేదు. ఆవిడ మొహమే చూస్తున్నాడు. ఆవిడ నవ్వింది కాబట్టి ఆయనా నవ్వాడు. తర్వాత జేబులోంచి చేతులు తీసి నా తల పట్టుకుని ముద్దు పెట్టాడు, తారు గోళ్ళతో, ఆవిడ ముందే.

అప్పుడు ఎలా చెప్పమంటావు? రేపు చెప్దామనుకున్నా. రేపటికి ఊరంతా తెలిసిపోయింది. ఎల్లుండికి ఫాదర్ గారు చర్చిలో చెప్పారు.

నాకేం కావాలో చెప్తే నువ్వు నవ్వుతావు. యార్డు కావాలి. నాన్న పడవలు చేసే పని. కంచె సందులోంచి చూస్తూ పెరిగా. ఏ పలకకి ఏ కర్ర, పలకల మధ్య దూది ఎంత కూరాలి, తారు ఎప్పుడు పొయ్యాలి, అన్నీ తెలుసు, చెయ్యి మాత్రం పెట్టలేదు. నీళ్ళు చూడని పడవ వెన్నుని, అంటే అడుగున పొడవునా ఉండే దూలాన్ని, ఆడది దాటితే ఆ పడవ మునుగుతుందట, అందుకని నాన్న నన్ను గేటు దాటనివ్వడు. స్కూల్లో కవిత్వం చదువుతుంటే కూడా నాకు కోసిన పైన్ చెక్క వాసనే గుర్తొస్తుంది.

ఇప్పుడిలా అనిపిస్తోంది. నేను వెళ్ళనని నాన్నకి ఎలాగో తెలిసిపోయింది. లండన్ వద్దంటే సరే, పెళ్ళి చేసేద్దాం అనుకున్నాడు. తప్పు నాదే. కానీ జెనీ, అడగకుండా ఇచ్చేస్తాడా?

అకిలెయాస్ రేపు యార్డుకి వస్తాడట. నేనే వెళ్ళి చెప్పేస్తా, మీకు నేను సరిపడను, నాకు వంట రాదు అని. గేటు దాటుతా. పడవ మునిగితే మునుగుతుంది.

ఈఫి


ఆవ్లిదా
జూలై 29

జెనీ,

నిన్నటిది చింపకు. దీనితో కలిపి చింపు.

వెళ్ళా. గేటూ దాటా, పడవ వెన్నూ దాటా. నాన్న రంగు డబ్బాల కోసం ఖల్కిదా టౌనుకి వెళ్ళాడు. అకిలెయాస్ ఒక్కడే పడవ కింద వెల్లకిలా పడుకుని పలకల్ని వేలితో కొట్టి చూస్తున్నాడు. నేను వాడి బూట్లతో మాట్లాడా.

"అకిలెయాస్ గారూ, నేను మిమ్మల్ని పెళ్ళి చేసుకోను."

బూట్లు కదలడం మానేశాయి. తర్వాత మనిషి పాక్కుంటూ బయటికొచ్చాడు, మీసాల్లో రంపపు పొట్టు.

"మంచిదమ్మాయ్," అన్నాడు. "మా ఆవిడకి చెప్తే సంతోషిస్తుంది. ఎవరు నువ్వు?"

"ఈఫిగేనియాని."

ఆయన నన్ను చూశాడు. పడవని చూశాడు. మళ్ళీ నన్ను చూశాడు. తర్వాత అక్కడే రంపపు పొట్టులో కూలబడి, బంగారు పన్ను కనపడేలా, కళ్ళ నీళ్ళు తుడుచుకుంటూ, ఎంతసేపు నవ్వాడో చెప్పలేను. ముగ్గురు మనవరాళ్ళట ఆయనకి. పెద్దది నాకంటే పొడుగట.

నీకు ఈపాటికి అర్థమై ఉంటుంది. నాకు అప్పుడు అర్థమైంది. పడవ ముక్కు మీద, రంగు వేసేచోట, సుద్దతో గీసి ఉంది. ఈఫిగేనియా. నాన్న చేతిరాతే, అక్షరాలు వంకర. నీళ్ళలో దించేరోజు దాకా పడవ పేరు పైకి చెప్పరుగా, కడుపులో బిడ్డ పేరు చెప్పనట్టు. పదహారేళ్ళుగా ఆ పడవ పేరు నాన్నకి తప్ప ఎవరికీ తెలియదు, ఈమధ్యే అమ్మకీ ఈయనకీ చెప్పాడట. మేమందరం దాన్ని "అది" అనేవాళ్ళం.

నడుం వెడల్పు. ఒళ్ళు నున్నగా. మొదట్లో నీళ్ళు కారుస్తుంది, పలకలు నాని బిగిసేదాకా. లేసు కేబిన్ కిటికీకి. నీ చెప్పులు, పండగకి. అంతే, పెళ్ళి నీకు రాసిపెట్టి ఉండద్దూ.

నేనూ నవ్వా జెనీ. పొట్ట పట్టుకుని. కానీ ఆయన నవ్వు ఆపి, "మీ నాన్న దీన్ని అమ్ముతానంటే నేను నమ్మలేదు," అన్నాడు. "రెండుసార్లు అడిగా, తాగి ఉన్నావా అని. అమ్మాయిని లండన్ పంపాలన్నాడు. దూది కూరుతూ ఏడుస్తాడు తల్లీ, నేను చూడనట్టు అటు తిరుగుతా."

అప్పుడు నాకు నవ్వు ఆగిపోయింది.

కథ తిరగబడింది. నా గడ్డం వల్ల. ఆ తండ్రి ఓడల కోసం పిల్లని ఇచ్చాడు. మా నాన్న పిల్ల కోసం పడవనిచ్చేస్తున్నాడు. అదీ ఆ పిల్లకి అక్కర్లేని దాని కోసం. పదిహేనున ఫాదర్ గారొచ్చి దీవిస్తే అయిపోయింది.

ఎలా చెప్పను? చెప్తే మార్చి నుంచి అబద్ధమాడినట్టు. చెప్పకపోతే పడవ పోతుంది.

ఈఫి


వ్రవ్రోనా
ఆగస్టు 4

ఈఫి,

పొట్టిగా రాస్తున్నా, పోస్టువాడు గుమ్మంలో నిలబడి ఉన్నాడు, మా కుక్క వాడి ప్యాంటు పట్టుకుంది.

చెప్పెయ్. ఈసారి గడ్డంతో కాదు, నోటితో.

నాన్నమ్మ ఉన్నప్పుడు చెప్పు. ఆవిడ ముందు పెదనాన్న గట్టిగా అరవడు.

ఇంకా భయమైతే ఎలుగుబంటిలా నడుచుకుంటూ వెళ్ళు. దేవతకి మా ఊరి నడకే గుర్తు.

జెనీ


ఆవ్లిదా
ఆగస్టు 13

జెనీ,

ఎల్లుండి మీరు వస్తారు, అప్పుడు చెప్పుకోవచ్చు, కానీ ఇంటి నిండా జనముంటారు, మనల్ని ఒక్కక్షణం ఒంటరిగా వదలరు. అందుకే రాసి ఉంచుతున్నా. వచ్చాక బాత్‌రూమ్‌లో కూర్చుని చదువు.

చెప్పేశా. నిన్న మధ్యాహ్నం, చిక్కుళ్ళ పులుసు తింటుండగా. ముందు అన్నీ సరిగ్గా అనుకున్నా, ఇంగ్లీషులో కూడా అనుకున్నా. నోరు తెరిస్తే వచ్చింది ఇది: "నాన్నా, నేను లండన్ వెళ్ళనన్నా. ఆవిడకి అర్థం కాలేదు."

"ఏ ఆవిడ?"

"హెడ్‌మిస్ట్రెస్. నేను గడ్డం ఎత్తా. ఆవిడ ఔననుకుంది."

నాన్న చెంచా పెట్టేశాడు. నన్ను చూస్తూ నెమ్మదిగా తన గడ్డం ఎత్తాడు, అదేనా అన్నట్టు. నేను నోటితో, "అదే," అన్నా. "నాకు యార్డు కావాలి. పడవ ఇవ్వొద్దు. పేరు చూశా."

"గేటు దాటావా?"

"దాటా."

"వెన్ను?"

"అదీ దాటా. వచ్చేటప్పుడు మళ్ళీ దాటా."

నాన్న మొహం ఎర్రబడింది. ఆడది దాటిన పడవ ఏమవుతుందో మొదలుపెట్టాడు. నాన్నమ్మకి ఈ మాట మాత్రం పూర్తిగా వినపడింది. రొట్టె పులుసులో ముంచుతూ, "ఆడది చెయ్యి పెడితే మునుగుతుందా? నిన్ను చేసింది నేనేరా. యాభై ఏళ్ళుగా తేలుతున్నావుగా," అంది.

అమ్మకి పులుసు పొలమారింది, నేను వీపు తట్టా. నాన్న లేచి వెళ్ళిపోయాడు. సాయంత్రం దాకా రాలేదు. నేను గది తలుపు వేసుకుని ఏడ్చా. నాన్న అన్నట్టు మొదట్లో నీళ్ళు కారుస్తుంది కదా.

ఇవాళ పొద్దున అమ్మ చెప్పింది. నాన్న నేరుగా అకిలెయాస్ దగ్గరికి వెళ్ళాడట. ఇద్దరూ కాఫీ షాపులో కూర్చుని మూడేసి కాఫీలు తాగారట. చివరికి అకిలెయాస్ అన్నాడట, "ఇంకోటి చేసి ఇవ్వు. నేనెక్కడికి పోతా, స్కిరోస్ ఎక్కడికి పోతుంది." నాన్న, "ఈసారి పదహారేళ్ళు పట్టదు, మనుషులం ఇద్దరం," అన్నాడట.

ఇద్దరం. ఆ మాట అమ్మతో రెండుసార్లు చెప్పించుకున్నా. మిగిలిన ఒక్క ఏడాది స్కూలు మాత్రం పూర్తి చెయ్యాలట, అది అమ్మ షరతు. ఆ ఇంగ్లీషామెకి గడ్డం సంగతి నేర్పి వస్తా.

అంటే ఏమైందో చూశావా? ఈఫిగేనియా మిగిలింది. దాని చోట ఇంకోటి వెళ్తోంది. కాబట్టి కొత్త పడవ పేరు జింక అని నేనంటున్నా. నువ్వు ఎలుగుబంటి అంటావని తెలుసు. ఎలుగుబంటి అని పేరు పెడితే ఏ చేప దగ్గరికొస్తుందే? ఎల్లుండి తేల్చుకుందాం, కొత్త చెప్పులు విప్పేసి.

ఒక్కటి మాత్రం చచ్చినా బయటపెట్టకు. అకిలెయాస్‌తో పడవలవాళ్ళ సెయింట్ నికోలస్ మీద ఒట్టు వేయించుకున్నా, నువ్వు ఎవరి మీద వేస్తావో వెయ్యి. లండన్ సంగతి నాన్నకి తెలిసింది, గేటు సంగతి తెలిసింది. కానీ నెలరోజులు నేను ఏమనుకున్నానో తెలియకూడదు. నన్ను అడగకుండా ఇచ్చేస్తాడని నమ్మేశా జెనీ. దూది కూరుతూ ఏడ్చే మనిషి గురించి. ఆయన నవ్వేసి ఊరంతా చెప్పుకున్నా పర్లేదు. నవ్వకపోతేనో? అందుకే ఈ పేజీలు కూడా

ఉండు. తలుపు కొడుతున్నారు.

నాన్న. మా ఇంట్లో నాన్న తలుపు కొట్టడం నేనెప్పుడూ వినలేదు, కింద నుంచి కేకేస్తాడు. చేతిలో రంగు డబ్బా ఉన్నట్టుంది, మూత గలగలమంటోంది.

"ఈఫీ. నా అక్షరాలు వంకర. పేరు నువ్వు రాయాలి. గౌను కాదు, ప్యాంటు వేసుకుని రా."

పరుపు కింద పెట్టేస్తున్నా